మాలూరులో మూడో గడి

అనంతపురం బస్టాండులో మదనపల్లె బస్సు ఉదయం ఆరుంబావుకు కదలాలి. ఆరూ నలభైకి కదిలింది. డ్రైవరు టీ తాగుతున్నాడని కండక్టరు చెప్పాడు. కండక్టరు ఎందుకు ఆలస్యమయ్యాడో చెప్పేవాళ్ళు లేకపోయారు. నాకు టైములు రాసుకునే అలవాటు ఉంది కాబట్టి ఈ రెండూ నోటుపుస్తకంలో రాసుకున్నాను. నా వెనకే ఎవరైనా ఈ దారిన వెళ్ళదలచుకుంటే, ఇరవై నిమిషాలు ఆలస్యంగా వచ్చినా బస్సు దొరుకుతుంది.

ప్రయాణం ఎందుకో ముందు చెప్పాలి. నేను డిగ్రీ కాలేజీలో రాజనీతిశాస్త్రం చెబుతాను. వారానికోసారి ఒక తెలుగు పత్రికలో విదేశాంగ విధానం మీద కాలమ్ రాస్తాను. ఈ విషయం మీద రాసేవాళ్ళు మామూలుగా వాషింగ్టనో బీజింగో వెళ్ళొచ్చి రాస్తారు. నేను చూసిన పరాయి దేశం నేపాల్ ఒక్కటే, అదీ కాలేజీ విహారయాత్రలో, విరేచనాలతో మూడు రోజులు. అయినా రాస్తూనే ఉన్నాను, చదివేవాళ్ళు చదువుతూనే ఉన్నారు.

నెల కిందట రాసిన వ్యాసానికి మంచి పేరొచ్చింది. అమెరికా, చైనా ఒకదాని మెడ ఒకటి పట్టుకుని ఉన్నాయి, రష్యా మనకు చమురు అమ్ముతోంది, మనం ఎవరి ఒళ్ళోనూ కూర్చోకుండా నడుమ నిలబడి అందరితోనూ పని చేయించుకుంటున్నాం, ఎదుగుతున్న దేశానికి ఇదే తెలివి అని రాశాను. ప్రపంచ సభల్లో ఓటింగు వచ్చినప్పుడు అటూ ఇటూ వేయకుండా ఊరుకోవడం పిరికితనం కాదని, అదీ ఒక జవాబేనని గట్టిగా వాదించాను. చాలా ఫోన్లు వచ్చాయి. అందులో ఒకటి కోలారు జిల్లా మాలూరు నుంచి. మునిరత్నం అనే ఆయన, చిన్న వర్క్‌షాపు యజమాని.

"మేడమ్, మీరు రాసింది మా నాయిన చదివి వినిపించినాడు. నాకు తెలుగు మాట్లాడేది వస్తాది, చదివేది రాదు. దేశం నడిమధ్యన నిలబడుకోని ఉండాదని రాసినారు గదా. ఆ నడిమధ్య యాడుండాదో నేను చూపిస్తాను, మా షెడ్డులోనే ఉండాది. ఒకతూరి రాండి" అన్నాడు.

ఇలాంటి ఆహ్వానం నాకు ఏ రాయబార కార్యాలయం నుంచీ రాలేదు. మూడు రోజులు సెలవు దొరకగానే బయలుదేరాను.

మదనపల్లె దాకా నాకు టికెట్టు లేదు. మన రాష్ట్రంలో ఆడవాళ్ళకు ఈ బస్సుల్లో ఉచితం. కదిరి దగ్గర పది నిమిషాలు ఆగాడు, గారెలు వేడిగా ఉన్నాయి. మదనపల్లె చేరేసరికి పదకొండయింది. బస్టాండు ఎదురుగా ఇడ్లీ తిని, పదకొండూ ముప్పావుకు కోలారు వెళ్ళే కర్ణాటక బస్సు ఎక్కాను. అక్కడా ఆడవాళ్ళకు ఉచితమేనని విని ఆధార్ కార్డు చేతిలో పట్టుకుని కూర్చున్నాను. కండక్టరు కార్డు మీద చిరునామా చూసి, మర్యాదగానే నవ్వి, టికెట్టు కొట్టి ఇచ్చాడు. పక్కనున్న ఆవిడకు టికెట్టు లేదు, ఆమెది శ్రీనివాసపురం. ముప్పై ఏళ్ళుగా సరిహద్దుల గురించి పాఠం చెబుతున్న మనిషిని, ఒక సరిహద్దుకు అటువైపు మనిషిగా లెక్కలోకి రావడం అదే మొదలు.

రాయల్పాడు దాటాక టమాటా పెట్టెల వాసన బస్సులోకి వచ్చింది. నా వెనక సీట్లో నారాయణప్ప అనే ఆయన కోలారు మండీలో కమిషన్ ఏజెంటు. నేనేం చేస్తానో అడిగి తెలుసుకుని, విదేశాంగ విధానం అంటే తనకూ తెలుసన్నాడు. కోలారు టమాటా పక్క దేశాల దాకా లారీల్లో పోతుందట. ఢిల్లీలో ఎవరో ఎవరి మీదో అలిగితే సరిహద్దు గేటు దగ్గర లారీలు నిలుస్తాయట. "లారీ నిలిస్తే కాయి నిలవదు గదమ్మా. వాళ్ళు మాట్లాడుకోని గేటు తీసేలోపల అది రసమైపోతాది" అని చెప్పి, శ్రీనివాసపురం తోటల్లో మామిడి పూత ఎలా ఉందో చూడటానికి కిటికీ వైపు తిరిగాడు.

రెండూ ఇరవై అయిదుకు కోలారు. ఆటోలో ఊరి శివారు తమక వెళ్ళి హైవే పక్కన లాడ్జిలో దిగాను. గది ఏడువందలు, శుభ్రంగానే ఉంది. వేడినీళ్ళు ఉదయం ఆరు నుంచి ఏడు దాకా మాత్రమేనని గోడ మీద మూడు భాషల్లో రాసి ఉంది. తెలుగులో అక్షరదోషాలు తక్కువ. సాయంత్రం చిన్న చిన్న కార్ఖానాల మధ్య నడిచి, చట్నీ కారంగా ఉన్న దోసె తిని, తొమ్మిదికల్లా పడుకున్నాను.

రెండో రోజు ఏడూ నలభై బస్సుకు మాలూరు బయలుదేరాను. దారిలో మొదట పొలాలు, తర్వాత ఇటుక బట్టీలు, ఆ తర్వాత పెద్ద పెద్ద ఫ్యాక్టరీల గోడలు. గోడల వెనక జపాను కారు విడిభాగాలో, కొరియా వాళ్ళ ప్లాస్టిక్కో తయారవుతాయని పక్కసీటు ఆయన చూపించాడు. తను ఏ ఫ్యాక్టరీకి వెళుతున్నాడంటే మాత్రం, అది ఎవరి చేతికి మారిందో ఈ నెల ఇంకా చెప్పలేదన్నాడు. ఎనిమిదీ యాభైకి మాలూరు బస్టాండులో మునిరత్నం హెల్మెట్టు చేతబట్టుకుని నిలబడి ఉన్నాడు. నలభై అయిదేళ్ళు ఉంటాయి. పొట్టి మనిషి, మాట నిదానం. నన్ను వెనక ఎక్కించుకుని, గుంత వచ్చినప్పుడల్లా ముందే చెబుతూ బండి నడిపాడు.

అతని షెడ్డు పొడవు మా కాలేజీ స్టాఫ్ రూము కంటే కొంచెం ఎక్కువ. పదకొండు మంది పనివాళ్ళు. అమెరికాలో పంపులు చేసే ఒక కంపెనీకి స్టీలు రింగులు చేసి పంపుతారు. అరచేతిలో పట్టే రింగు. పని చిన్నదే, నునుపు ముఖ్యం. ఒక మూల పాత లేతు మిషన్లు రెండు. మధ్యలో, పూలదండ వేసిన పెద్ద మిషను, కంప్యూటరుతో నడిచేది. దాని ఒంటి మీద చైనా అక్షరాలున్న స్టిక్కరు ఉంది. స్టిక్కరు కిందే పసుపు, కుంకుమ బొట్లు.

ఈ మిషను కొనేనాటికి అడ్డు చెప్పినవాళ్ళు లేరట. మన దేశంలో దొరికే మిషను ధరకు ఇలాంటివి రెండొస్తాయి. మొదట్లో చెడిపోతే చైనా మెకానిక్కు విమానమెక్కి వచ్చి బాగుచేసేవాడు. సరిహద్దు మంచుకొండల్లో గొడవ అయ్యాక అతనికి వీసా రాలేదు. అప్పట్నుంచి ఫోనులో వీడియో పెట్టుకుని అతను చెబుతుంటే వీళ్ళు విప్పి బిగిస్తున్నారు. ఆ మెకానిక్కు పేరు మునిరత్నానికి సరిగా పలకడం రాదు. అయినా దసరా ఆయుధపూజ రోజు మిషనుకు పూజ చేసి, ఆ ఫోటో ఆయనకు పంపుతాడట. ఆయనా చేతులు జోడించిన బొమ్మ పంపుతాడట.

రింగులు కొలిచే బల్ల దగ్గర దేవకి పరిచయమైంది. ముప్పై దాటి ఉండవు, డిప్లొమా చదివింది, ఆంధ్రా సరిహద్దు పక్కన కామసముద్రం నుంచి రోజూ రైల్లో వచ్చిపోతుంది. ప్రతి పెట్టె మీదా 'చూసి పంపినవారు' అనే చోట సంతకం ఆమెది. నన్ను చూసి నమస్కారం పెట్టి మళ్ళీ కొలత మీదికి పోయింది. మాట్లాడితే లెక్క తప్పుతుందని నవ్వుతూ రింగుల వైపు వేలు చూపించింది.

మునిరత్నం నన్ను పిలిచిన కారణం లోపలి గదిలో, కంప్యూటరు తెర మీద ఉంది. అమెరికా కంపెనీ కొత్తగా ఒక ఫారం పంపింది. దాని సారం ఒకే ప్రశ్న: ఈ వస్తువు తయారీలో ఏ దశలోనైనా ఫలానా దేశాల యంత్రం గానీ, సరుకు గానీ, మనిషి సాయం గానీ ఉన్నదా? ఫలానా దేశాల్లో మొదటి పేరు చైనా. ఎదురుగా మూడు గడులు: ఉంది, లేదు, వర్తించదు. కింద యజమాని సంతకం, తనిఖీ చేసినవారి సంతకం. శుక్రవారం మధ్యాహ్నంలోపు పంపాలి. ఆ రోజు గురువారం.

ఉందని పెడితే ఆర్డరు ఆగిపోవచ్చు. షెడ్డుకు వచ్చే పనిలో ముప్పాతిక ఆ ఒక్క ఆర్డరే. లేదని పెట్టు, ఎవడు చూడొస్తాడు అని బెంగుళూరు కన్సల్టెంటు అన్నాడట. మునిరత్నానికి అది మింగుడుపడలేదు. "అబద్ధం పెట్టేదానికి భయం మేడమ్. నిజం పెట్టేదానికీ భయమే. అమెరికా ఆయప్పతో నాకు జగడం లేదు, చైనా ఆయప్పతోనూ లేదు. సుమ్నే, ఊరికే ఇద్దరి మధ్యన ఇరుక్కున్నాను. ఇంత పెద్ద దేశం ఎట్ల నిలబడుకోని ఉండాదో మీకు తెలుసు గదా. నేనేం చేసేది?"

ఇరవై ఏళ్ళ కాలమ్ జీవితంలో నా సలహా అడిగిన మొదటి మనిషి ఇతనే. నాకు ఎంత సంతోషం కలిగిందో ఇప్పుడు చెప్పుకోవడానికి సిగ్గుగా ఉంది. కుర్చీ ముందుకు లాక్కుని ఫారం రెండుసార్లు చదివాను. మూడో గడి వైపు వేలు చూపించాను. ప్రశ్నలో సాయం అన్న మాటకు అర్థం చెప్పలేదు కాబట్టి, కొన్న మిషను మీ సొంతం కాబట్టి, వర్తించదు అని పెట్టవచ్చని వివరించాను. ఉందనీ అనలేదు, లేదనీ అనలేదు. మన దేశం ప్రపంచ సభల్లో చేసేదీ ఇదేనని, ఇందులో తప్పు పట్టేవాళ్ళు లేరని, ఒకటి రెండు ఉదాహరణలు కూడా ఇచ్చాను. ఎదుటివాళ్ళు మళ్ళీ అడిగేలోపు కాలం గడుస్తుంది, కాలం గడిస్తే దారులు తెరుచుకుంటాయి అన్నాను. ఇది క్లాసులో చెప్పినప్పుడు పిల్లలు రాసుకునే వాక్యం.

మునిరత్నం ముఖం తేటపడింది. అన్నం తెప్పించాడు. మధ్యాహ్నం నుంచి అతని నడకే మారింది, పనివాళ్ళతో రెండుమార్లు నవ్వాడు కూడా. పొద్దున్నే ఫారం నింపి దేవకి చేత సంతకం పెట్టించి పంపేస్తానన్నాడు. రాత్రికి కేజీఎఫ్‌లో తమ ఇంటికి రావాలని, వాళ్ళ నాన్నగారు నన్ను చూడకుండా వదలరని పట్టుబట్టాడు.

సాయంత్రం ఆరూ పదికి మాలూరులో మారికుప్పం రైలు ఎక్కాము. టికెట్టు చిల్లర ఖర్చే. చోటు దొరకడమే కష్టం. బంగారు గనులు మూసేసి ఇరవై ఏళ్ళు దాటింది. గనుల్లోకి దిగిన వాళ్ళ కొడుకులు, కూతుళ్ళు ఇప్పుడు రోజూ ఈ రైల్లో బెంగుళూరుకూ మాలూరుకూ వెళ్ళి వస్తారు. పెట్టెలో ఎవరి చోటు వాళ్ళది, పొద్దున కూర్చున్న గుంపే సాయంత్రమూ. తమిళం, తెలుగు, కన్నడం ఒకే వాక్యంలో కలిసిపోతున్నాయి. మా ఎదుటి గుంపులో అమెరికా పన్నుల మీద చర్చ జరుగుతోంది. అమెరికాకు బుద్ధి చెప్పాలని ఒకాయన, చైనాకు చెప్పాలని ఇంకొకాయన. మూడో ఆయన, ముందు ఈ కిటికీ అద్దం దించడం చేతనైతే చెప్పండప్పా అన్నాడు. బంగారుపేటలో సగం మంది దిగారు. అక్కణ్ణుంచి రైలు మెల్లగా వంపు తిరిగి, ఏడున్నర దాటాక చాంపియన్ స్టేషనులో మమ్మల్ని దింపింది.

ఇల్లు గని కార్మికుల లైన్లలో ఉంది. రెండు గదులను నాలుగు చేసుకున్నారు. మునిరత్నం భార్య సుజాత రాగి సంగటి, ఆకుకూర ఉడికిన నీళ్ళతో చేసే బస్సారు వడ్డించింది. సంగటి నమలకూడదని ఆమె చెప్పేలోపే నేను నమిలాను. తండ్రి చెంగల్రాయప్పకు డెబ్బై ఎనిమిదేళ్ళు. ఆయన తాత పలమనేరు పక్క పల్లె నుంచి గనికి వచ్చాడట. ఈయన బ్లాస్టరు, అంటే రాతిలో తూట్లకు మందు కూరి పేల్చేవాడు. నా వ్యాసాలు కత్తిరించి పాత క్యాలెండరుకు అంటించి పెట్టుకున్నాడు. నాకు గర్వంగానే ఉండింది, ఇంకో పావుగంట దాకా.

అన్నం అయ్యాక మునిరత్నం ఫారం సంగతీ, నా సలహా సంగతీ తండ్రికి చెప్పాడు. పెద్దాయన అంతా విని, నా వైపు తిరిగి, ఎటూ చెప్పకుండా ఉండటానికి ఫారంలోనే చోటు పెట్టారా అని అడిగాడు. పెట్టారన్నాను. మా పుస్తకంలో ఆ చోటు లేదన్నాడు. నేను ఏ పుస్తకమని అడిగాను. ఆయన చెప్పింది ఇది.

గనిలో ఒక్కో రాతి ముఖానికి పన్నెండు తూట్లు వేస్తారు. బ్లాస్టరు పన్నెండు గులకరాళ్ళు ఎడమ జేబులో వేసుకుంటాడు. మందు అంటించి దూరంగా వచ్చి నిలబడి, ఒక్కో పేలుడు వినగానే ఒక్కో రాయి కుడి జేబులోకి మారుస్తాడు. పన్నెండూ మారితే సరి. ఒక్కటి ఎడమ జేబులో మిగిలినా, మందు రాతిలోనే ఉన్నట్టు. పైకి వచ్చాక పుస్తకంలో పేలినవి ఎన్ని, పేలనివి ఎన్ని అని రాసి సంతకం పెట్టాలి. అది చూసి కిందికి దిగే షిఫ్టు వాళ్ళు డ్రిల్లు ఎక్కడ పెట్టాలో తెలుసుకుంటారు.

"ఒక పొద్దు నా కుడి జేబులో పదకొండే వచ్చినాయమ్మా. రెండు గుండ్లు ఒకటేసారి పేలినాయేమో అనుకుంటి. పేలలేదని రాస్తే ఆ చోటు ఆపేస్తారు, మా గుంపుకు ఆ నెల బోనసు పోతాది. అన్నీ పేలినాయని రాసేదానికి చెయ్యి రాలేదు. ఆ గీత ఖాళీగా ఇడిసిపెట్టి పైకొచ్చేసినాను. పుస్తకం చూసేవాడూ ఆ పొద్దు సరిగ్గా చూడలేదు."

తర్వాతి షిఫ్టులో డ్రిల్లు పట్టినవాడు మునుస్వామి. ఆ తూటు మీదే డ్రిల్లు పెట్టాడు. ప్రాణం నిలిచింది, రెండు కళ్ళూ పోయాయి. పక్క లైనులోనే ముప్పై ఏళ్ళు బతికాడు. చెంగల్రాయప్ప రోజూ పొద్దున అతని చెయ్యి పట్టుకుని టీ కొట్టుకు తీసుకుపోయి, టీ తాగించి, తిరిగి ఇంటి దగ్గర దించేవాడు. మునుస్వామి ఒక్కనాడూ ఆ గీత సంగతి అడగలేదట. ఈయన చెప్పనూ లేదట.

"నేను అబద్ధం రాయలేదమ్మా" అన్నాడు పెద్దాయన. "ఏమీ రాయలేదు. అంతే."

మునిరత్నం గోడకు ఆనుకుని కూర్చుని ఉన్నాడు. మునుస్వామి మామ చెయ్యి పట్టుకుని నాన్న నడవడం అతను చిన్నప్పటి నుంచీ చూసినవాడే. కారణం ఆ రాత్రే విన్నాడు. సుజాత కంచాలు తీయడం ఆపి నిలబడిపోయింది. పెద్దాయన కొడుకు వైపు తిరిగాడు.

"ఆ ఫారంలో నీ సంతకం కింద ఇంకెవురిదుండాది?"

"దేవకిది."

"ఆ బిడ్డకు చెప్పినావా?"

మునిరత్నం చెప్పలేదు. నేనూ సలహా ఇస్తున్నంతసేపూ దేవకి గురించి ఆలోచించలేదు. రేపు ఎవరైనా ఆరా తీస్తే మొదట పిలిచి అడిగేది తనిఖీ చేసినవాళ్ళనే. రెండో సంతకం గీత నా కళ్ళ ముందే ఉంది, నేను దాని పైనున్న గడుల అందం చూస్తూ ఉండిపోయాను. నాకు చాలా సిగ్గు వేసింది. నా సలహా వెనక్కు తీసుకుంటున్నానని చెప్పాను. మునిరత్నం మర్యాద కోసం, మీరు మంచికే చెప్పినారు మేడమ్ అన్నాడు. ఇక ఏ గడి పెట్టాలో నన్ను అడగలేదు, అది నాకు న్యాయంగానే తోచింది.

మూడో రోజు నేను లేచేసరికి మునిరత్నం తెల్లవారుజాము రైలుకు వెళ్ళిపోయాడు. ఎనిమిదిన్నరకు చెంగల్రాయప్ప నన్ను గని చూపించడానికి తీసుకువెళ్ళాడు. వెళ్ళేవాళ్ళు ఎండ ఎక్కకముందే వెళ్ళండి, నీడ తక్కువ. బంగారం తీసేసిన రాతిపొడి గుట్టలు గుట్టలుగా, బూడిద రంగులో, ఊరి మీదికి ఒరిగి ఉంది. సైనైడు దిబ్బలంటారు. గాలి వీస్తే ఆ పొడి ఇళ్ళలోకి వస్తుందట, అందుకే ఇక్కడ కిటికీలకు తెరలు మందం. గనిలోకి దిగే షాఫ్టు దగ్గరికి వెళ్ళనివ్వరు. కంచె ఇవతల నుంచి ఇనుప చక్రం కనిపిస్తుంది.

దేశాలన్నీ మళ్ళీ బంగారం కొని దాచుకుంటున్నాయని పెద్దాయన పేపర్లో చదివాడు. డాలరు మీద నమ్మకం తగ్గి అలా చేస్తున్నారని నేను చెప్పాను. ఆయన దిబ్బల వైపు చూస్తూ, "ఇక్కడిది యాడికి పోయిందో ఎవురూ అడగరు గదా. దొరలు ఓడలో ఎక్కించుకుని పోయినారు. అది ఇప్పుడు ఎవురి డాలరు కింద ఉండాదో" అన్నాడు. కోపంగా అనలేదు. ఉప్మా చల్లారిపోతుందని సుజాత ఫోను చేస్తే వెనక్కి తిరిగాము.

ఆ మధ్యాహ్నం దాకా నేను నాలుగుసార్లు ఫోను చూసుకున్నాను. మునిరత్నం నుంచి కబురు లేదు. చేద్దామని రెండుసార్లు అనుకుని మానుకున్నాను. మూడింటికి వాళ్ళ దగ్గర సెలవు తీసుకున్నాను. సుజాత దారికి నిమ్మకాయ పులిహోర కట్టి ఇచ్చింది. పెద్దాయన స్టేషను దాకా వచ్చి, ఈసారి రాసేటప్పుడు అక్షరాలు కొంచెం పెద్దవి వేయమని పత్రికవాళ్ళకు చెప్పమన్నాడు.

తిరుగు ప్రయాణానికి కుప్పం దారి ఎంచుకున్నాను. బంగారుపేట నుంచి కుప్పానికి ప్యాసింజరు, అక్కణ్ణుంచి పలమనేరు మీదుగా మదనపల్లెకు బస్సులు. రైలు అయిదూ పదికి అని బోర్డు మీద ఉంది. ప్లాట్‌ఫారం మీద టీ తాగుతుంటే మాలూరు వైపు నుంచి వచ్చిన రైల్లోంచి దేవకి దిగింది. ఆమె మామూలుగా వచ్చే రైలు ఇంకా రెండు గంటల తర్వాత. నన్ను గుర్తుపట్టి తనే దగ్గరకు వచ్చింది. కామసముద్రం దాకా మా ఇద్దరిదీ ఒకటే బండి.

రైలు అయిదూ పాతికకు కదిలింది. పెట్టెలో జనం పలుచగా ఉన్నారు. ఆమె కిటికీ పక్కన కూర్చుని, నేను అడగకముందే చెప్పడం మొదలుపెట్టింది.

పొద్దున వచ్చీ రాగానే మునిరత్నం ఫారం ప్రింటు తీసి ఆమె ముందు పెట్టి, చదవమన్నాడట. మూడేళ్ళ ఉద్యోగంలో ఆమెను ఏ కాగితమైనా చదవమన్నది అదే మొదటిసారి. అంతకుముందు సంతకం పెట్టమనేదే. ఆమె రెండుసార్లు చదివి, ఉంది అన్న గడి చూపించిందట. మునిరత్నం ఆర్డరు ఆగితే ఏమవుతుందో విడమరచి చెప్పి, మిగతా పదిమందినీ పిలిచి వాళ్ళకూ చెప్పాడట. ఇద్దరు వద్దన్నారు. ఒకతను మిషను మీది స్టిక్కరు గీకేద్దామన్నాడు. ఎవరూ నవ్వలేదట. చివరకు పేరు పడేది దేవకిది కాబట్టి ఆమె మాటే మాట అని మునిరత్నం తేల్చాడు. పదకొండున్నరకు ఫారం వెళ్ళింది. మూడు గంటలకు అమెరికా కంపెనీ బెంగుళూరు ఏజెంటు నుంచి జవాబు వచ్చింది. నిజం చెప్పినందుకు అందులో మొదట ధన్యవాదాలు ఉన్నాయట. మిషను మార్చేదాకా ఆర్డరు ఆపాము అని తర్వాత ఉందట.

"మునిరత్నం అన్న పాత లేతుల మీద లోకల్ పని ఏదైనా చూస్తానన్నాడు. దానికి ముగ్గురు చాలు. లేతు పట్టేవాళ్ళు ముగ్గురుండారు. కొలిచేదానికి మనిషి అక్కర్లేదు" అంది.

అంటే ఆమె ఉద్యోగం పోయింది. వర్తించదు అనే గడి సంగతి మునిరత్నం ఆమెకు చెప్పాడా అని మాత్రం అడిగాను.

"చెప్పినాడు మేడమ్. అది మీరు చెప్పిందంట గదా. అది పెట్టింటే సోమవారం నాకు పనుండేది." ఆమె గొంతులో నిష్ఠూరం లేదు, రింగు కొలత చెప్పినట్టు చెప్పింది. "నేనూ రోంతసేపు దాని మీదనే వేలు పెట్టుకోని ఉంటిని. ఆ మిషను నా కండ్ల ముందర తిరుగుతా ఉండాది. వర్తించదంటే ఎట్ల? కింద నా పేరుండాది."

కామసముద్రం అయిదూ యాభైకి వచ్చింది. దిగేముందు ఇంట్లో ఏం చెప్పాలో ఇంకా తేల్చుకోలేదని, స్టేషను నుంచి ఇంటికి నడక పావుగంట కాబట్టి ఆలోపు తేలుతుందని అంది. టిఫిను డబ్బా సంచిలో సర్దుకుని దిగింది. నేను కిటికీలోంచి ఏదో చెప్పాలని చూశాను. నాకు తోచిన మాటలన్నీ వ్యాసాల్లో రాసేవే. ఆమె చెయ్యి ఊపి, పట్టాలు దాటి, మల్బరీ తోటల పక్క దారి పట్టింది.

కుప్పంలో ఆరున్నరకు దిగాను. పలమనేరు బస్సు సిద్ధంగా ఉంది. సరిహద్దు దాటాను కాబట్టి మళ్ళీ నాకు టికెట్టు లేదు. ఈ దారిన వెళ్ళేవాళ్ళకు పనికొచ్చే సంగతులు ఇప్పటికే చెప్పాను. సంగటి నమలవద్దు, చాంపియన్‌కు ఎండ ఎక్కకముందే వెళ్ళండి. విదేశాంగ విధానం చూడదలచుకుంటే రాజధానుల కంటే మాలూరు దగ్గర, ఖర్చూ తక్కువ. దేశం పెద్దది. రెండు ఏనుగుల నడుమ ఏమీ చెప్పకుండా ఏళ్ళ తరబడి నిలబడగలదు, నిలబడాలేమో కూడా. ఆ నిలబడటం తప్పని నేనిప్పుడూ అనను. కానీ దేశం ఖాళీగా వదిలిన గడి చివరకు ఎవరో ఒకరి ముందుకు వస్తుంది, వాళ్ళు పేరు రాసి సంతకం పెట్టాలి. అది నాకు ముప్పై ఏళ్ళ పాఠాల్లో తట్టలేదు.

వాళ్ళు నా సలహా పాటించనందుకు నాకు సంతోషంగా ఉంది. ఆ సంతోషం నాకు ఊరికే దొరికింది. సోమవారం నేను కాలేజీకి వెళతాను. దేవకికి పని లేదు.